వెయ్యి మెగాబిట్ల లైనులో ఆరు మెగాబిట్లు: దూరం పెరిగితే నెట్ ఎందుకు కుంటుతుంది?

హనుమకొండ సుబేదారిలో ఒక పెళ్లి వీడియోల స్టూడియో ఉందనుకుందాం. సెకనుకు 1 గిగాబిట్ ఫైబర్ కనెక్షన్ తీసుకున్నారు. అప్‌లోడ్ కూడా అంతే. స్పీడ్ టెస్ట్ పెడితే ముల్లు 900 దాటుతోంది. అమెరికాలోని వర్జీనియాలో ఉన్న సర్వర్‌కు 40 గిగాబైట్ల ఫైలు ఎక్కిస్తే మాత్రం సెకనుకు 6 మెగాబిట్ల దగ్గరే తచ్చాడుతోంది. లెక్క ప్రకారం ఐదున్నర నిమిషాల్లో తెమలాల్సిన పని 15 గంటలు పట్టేలా ఉంది. ఫిర్యాదు చేస్తే కనెక్షన్ ఇచ్చినాయన వచ్చి, మళ్లీ స్పీడ్ టెస్ట్ పెట్టి చూపిస్తాడు: "లైన్ మంచిగనే ఉంది సార్."

ఆయన అబద్ధమాడటం లేదు. స్టూడియో వాళ్లకు కనబడుతున్న 6 కూడా నిజమే. ఈ రెండు అంకెల మధ్య ఉన్నది, డేటా పంపే కంప్యూటర్‌లో నడిచే ఒక చిన్న కోడు. రద్దీ నియంత్రణ అల్గారిథం, అంటే కంజెషన్ కంట్రోల్. దారిలో ఎంత ఖాళీ ఉందో దానికి ఎవరూ చెప్పరు. డేటా చిన్న ముక్కలుగా, అంటే ప్యాకెట్లుగా పోతుంది. దారిలో తప్పిపోయిన ప్యాకెట్లను, ఆలస్యంగా వచ్చిన రసీదులను చూసి అదే ఊహించుకోవాలి. వేగం, దూరం రెండూ ఎక్కువైన చోట ఆ ఊహ తప్పితే కోలుకోవడానికి చాలా సేపు పడుతుంది.

## దారి నిండాలంటే ఎంత డేటా కావాలి

ముందు రెండు మాటలు తేల్చుకోవాలి. బ్యాండ్‌విడ్త్ అంటే ఒక సెకనులో లైను ఎన్ని బిట్లు మోయగలదో ఆ లెక్క. ఆర్‌టీటీ అంటే ఒక ప్యాకెట్ వెళ్లి, అది అందిందన్న రసీదు తిరిగి రావడానికి పట్టే సమయం. పింగ్ కమాండ్ చూపించేది దీన్నే. బ్యాండ్‌విడ్త్ డబ్బులిస్తే పెరుగుతుంది. ఆర్‌టీటీ ఒక హద్దు కంటే తగ్గదు. గాజు తీగలో కాంతి సెకనుకు సుమారు 2 లక్షల కిలోమీటర్లే పోతుంది. తెలంగాణ నుంచి వర్జీనియాకు పక్షి ఎగిరినంత తిన్నగా వెళ్లినా 13 వేల కిలోమీటర్ల పైమాటే కాబట్టి, పోయి రావడానికే 130 మిల్లీసెకన్లు కావాలి. కేబుల్ తిన్నగా పోదు. ముంబయి దగ్గరో చెన్నై దగ్గరో సముద్రంలోకి దిగి, చుట్టు తిరిగి వెళ్తుంది. ఈ వ్యాసం అంతటా ఆ దూరానికి 240 మిల్లీసెకన్లు, హైదరాబాద్‌లోని సర్వర్‌కు 4 మిల్లీసెకన్లు అని పెట్టుకుందాం.

ఎస్సారెస్పీ కాకతీయ కాలువకు పైన షట్టర్ ఎత్తితే నీళ్లు చివరి ఆయకట్టుకు వెంటనే రావు. ముందు కాలువ నిండాలి. కాలువలో ఏ క్షణాన చూసినా ఉండే నీరు, సెకనుకు వదిలే నీటిని అది చివరిదాకా పారే సమయంతో గుణిస్తే వచ్చేంత. చివరన గండి పడినా, నీళ్లు పొంగినా ఆ కబురు పైనున్న లష్కర్‌కు చేరేలోపు ఆయన వదిలినదంతా కాలువలోనే ఉంటుంది. నెట్‌వర్క్‌లో ఈ గుణకారం పేరు బ్యాండ్‌విడ్త్ డిలే ప్రోడక్ట్, పొట్టిగా బీడీపీ. మన స్టూడియో లైనుకు: 100 కోట్ల బిట్లు × 0.24 సెకన్లు = 24 కోట్ల బిట్లు, అంటే 30 మెగాబైట్లు. 1,500 బైట్ల ప్యాకెట్లుగా లెక్కేస్తే 20 వేలు. ఒక్క రసీదు కూడా రాకముందే 20 వేల ప్యాకెట్లు దారిలో ఉండాలి. అప్పుడే లైను నిండినట్టు. హైదరాబాద్ సర్వర్‌కైతే అదే లైనులో 333 ప్యాకెట్లు చాలు.

రసీదు రాకుండా దారిలో ఉంచే డేటాకు పెట్టుకున్న హద్దునే విండో అంటారు. ఇక మీదట వచ్చే కథంతా ఈ విండోను ఎంత పెంచాలి, ఎప్పుడు తగ్గించాలి అన్నదే.

## అల్గారిథం దాకా రాకముందే ఆగిపోయే చోట్లు

వేగం రాకపోతే నేరం అల్గారిథం మీదికి తోసేవాళ్లు ఎక్కువ. చాలాసార్లు డేటా అంతకంటే ముందే ఆగిపోతుంది. నెట్‌లో డేటాను రసీదులు చూసుకుంటూ చేరవేసే పద్ధతి టీసీపీ. ప్రతి ప్యాకెట్ ముందు అది తగిలించే వివరాల చీటీలో, అంటే హెడర్‌లో, విండో కోసం మొదట్లో ఇచ్చిన చోటు 16 బిట్లు. అంటే పెద్ద అంకె 65,535 బైట్లు. 240 మిల్లీసెకన్లకు ఒకసారి 65,535 బైట్లు పంపితే సెకనుకు 2.18 మెగాబిట్లు వస్తాయి, లైను ఎంత పెద్దదైనా సరే. 1992లో వచ్చిన విండో స్కేలింగ్ ఈ హద్దును 1 గిగాబైట్ దాకా జరిపింది. ఇప్పటి సిస్టమ్‌లన్నిటిలో అది ఉంది. మధ్యలో ఏదైనా పాత ఫైర్‌వాల్ ఆ ఆప్షన్‌ను తీసి పారేస్తే మాత్రం కనెక్షన్ మళ్లీ 2 మెగాబిట్ల కాలానికి పోతుంది. ఎక్కడా ఎర్రర్ రాదు కాబట్టి పట్టుకోవడం కష్టం.

రెండోది మెమరీ. పంపిన డేటాను రసీదు వచ్చేదాకా దాచుకోవాలి, మళ్లీ పంపాల్సి రావచ్చు గదా. లినక్స్ ఆపరేటింగ్ సిస్టమ్‌లో టీసీపీ పంపే బఫర్ చాలాకాలంగా తనంతట తాను 4 మెగాబైట్లకు మించి పెరగకుండా సెట్ అయి వస్తోంది. 4 మెగాబైట్లను 240 మిల్లీసెకన్లతో భాగిస్తే 140 మెగాబిట్లు. సిస్టమ్ గుండెకాయ అయిన కర్నెల్ తన లెక్కలకు కొంత వాడుకుంటుంది కాబట్టి చేతికొచ్చేది ఇంకా తక్కువ. ఆ హద్దు జరపకుండా లోకంలో ఎంత గొప్ప అల్గారిథం పెట్టినా 30 మెగాబైట్ల దారి నిండదు.

మూడోది ఫైలు సైజు. టీసీపీ కనెక్షన్ 10 ప్యాకెట్లతో మొదలై, ప్రతి ఆర్‌టీటీకి రెట్టింపవుతూ పోతుంది. దీన్ని స్లో స్టార్ట్ అంటారు, పేరుకే స్లో. 10 నుంచి 20 వేలకు చేరడానికి 11 రెట్టింపులు కావాలి. 240 మిల్లీసెకన్ల చొప్పున 2.6 సెకన్లు. 5 మెగాబైట్ల ఫోటో పంపితే, కనెక్షన్ కలుపుకోవడంతో కలిపి 10 రౌండ్లలో, అంటే 2.4 సెకన్లలో అయిపోతుంది. సగటు 17 మెగాబిట్లు. ప్యాకెట్ల నష్టం లేదు, రద్దీ లేదు, అయినా వేగం అంతే. చిన్న ఫైళ్ల విషయంలో పెద్ద అల్గారిథాల తేడాలు అసలు రంగంలోకే రావు.

## 1986లో తగిలిన దెబ్బ, దాని నుంచి పుట్టిన నియమం

1986 అక్టోబరులో అమెరికాలోని లారెన్స్ బర్క్‌లీ ల్యాబ్‌కు, బర్క్‌లీ యూనివర్సిటీకి మధ్య డేటా వేగం సెకనుకు 32 వేల బిట్ల నుంచి 40 బిట్లకు పడిపోయింది. ఆ రెండింటి మధ్య దూరం 400 గజాలు. లైను తెగలేదు. ప్యాకెట్లు పోతున్నాయని అందరూ మళ్లీ మళ్లీ పంపారు. ఆ పంపినవే దారిని మూసేశాయి. దీన్ని తవ్వి చూసిన వాన్ జాకబ్సన్ 1988లో పరిష్కారం రాశారు. తర్వాత రెనో అనే పేరుతో స్థిరపడిన టీసీపీ దాని మీదే నడిచింది.

నియమం రెండు ముక్కలే. ప్యాకెట్ ఏదీ తప్పిపోలేదంటే ఆర్‌టీటీకి ఒక ప్యాకెట్ చొప్పున విండో పెంచు. పోయిందంటే దారి నిండిందని అర్థం చేసుకుని సగానికి తగ్గించు. మెల్లగా ఎక్కడం, గబుక్కున దిగడం. దీని బలం వేగంలో లేదు. ఒకే లైను మీద ఇద్దరు ఇలా ప్రవర్తిస్తే, ఎక్కువ తీసుకున్నవాడు సగం చేసినప్పుడు ఎక్కువ వదులుకుంటాడు, పెరిగేటప్పుడు ఇద్దరూ సమానంగా పెరుగుతారు. నాలుగు రౌండ్లు తిరిగేసరికి వాటాలు దగ్గరపడతాయి. ఎవరూ పెద్దమనిషిగా కూర్చుని పంచకుండానే పంపకం జరిగిపోతుంది. చియు, జైన్ అనే ఇద్దరు పరిశోధకులు 1989లో దీన్ని లెక్కలతో చూపించారు.

నియమం పుట్టినప్పుడు లైన్ల వేగం కిలోబిట్లలో ఉండేది. విండోలో పది ఇరవై ప్యాకెట్లు. సగం చేసి ఒక్కొక్కటిగా ఎక్కితే పెద్ద నష్టమేమీ లేదు.

## 60 రెట్ల ఆర్‌టీటీకి 3,600 రెట్ల శిక్ష

ఇప్పుడు అదే నియమాన్ని మన స్టూడియో లైను మీద పెట్టి చూడండి. విండో 20 వేల ప్యాకెట్లు. ఒక్క ప్యాకెట్ పోయింది. విండో 10 వేలకు పడింది. తిరిగి 20 వేలకు ఎక్కాలంటే 10 వేల రౌండ్లు, ఒక్కో రౌండు 0.24 సెకన్లు. మొత్తం 2,400 సెకన్లు. నలభై నిమిషాలు, ఒక్క ప్యాకెట్‌కు! ఆ నలభై నిమిషాల్లో ఇంకొకటి పోతే మళ్లీ సగం.

హైదరాబాద్ సర్వర్‌కైతే విండో 333. సగం పడితే 167 రౌండ్లు, ఒక్కోటి 4 మిల్లీసెకన్లు. ముప్పాతిక సెకను కూడా పట్టదు. ఆర్‌టీటీ 60 రెట్లు పెరిగితే ఎక్కాల్సిన మెట్లు 60 రెట్లయ్యాయి, ఒక్కో మెట్టుకు పట్టే సమయమూ 60 రెట్లయింది. అందుకే 3,600.

పరిశోధకులను కంగారు పెట్టిన లెక్క ఇంకా పెద్దది. 2003లో పరిశోధకురాలు సాలీ ఫ్లాయిడ్ 10 గిగాబిట్ల లైను, 100 మిల్లీసెకన్ల ఆర్‌టీటీ తీసుకుని చూపించారు. రెనో దాన్ని నిండుగా వాడాలంటే విండో సగటున 83,333 ప్యాకెట్లు ఉండాలి. 500 కోట్ల ప్యాకెట్లకు ఒకటి కంటే ఎక్కువ పోకూడదు. అంత శుభ్రమైన దారి కాగితం మీదే దొరుకుతుంది.

## స్పీడ్ టెస్ట్ ఎందుకు మంచి మాటే చెబుతుంది

1997లో మ్యాథిస్, ఆయన సహచరులు రెనో వేగానికి ఒక సూత్రం ఇచ్చారు. ప్యాకెట్‌లోని డేటాను ఆర్‌టీటీతో, నష్టం రేటు (పంపినవాటిలో పోయే ప్యాకెట్ల వంతు) వర్గమూలంతో భాగించి 1.22తో గుణించాలి. అంతే. అందులో లైను సామర్థ్యం ఎక్కడా లేదన్నది గమనించాలి. నష్టం ఉన్న దారిలో మీరు కొన్న ప్లాన్ ఎంతన్నది సూత్రానికి పట్టదు.

పది వేల ప్యాకెట్లకు ఒకటి పోతోందనుకుందాం. స్తంభం మీద సరిగా పడని ఫైబర్ అతుకు (స్ప్లైసింగ్), కనెక్టర్ మొనకు అంటిన దుమ్ము, స్టూడియో లోపలి వైఫై, ఏదైనా ఇంతపాటి నష్టం తేగలదు. వర్గమూలం 0.01. వర్జీనియాకు: 1.22 × 1,460 బైట్లు × 8 ÷ (0.24 × 0.01) = సెకనుకు 59 లక్షల బిట్లు. స్టూడియో కంప్యూటర్‌లో నడుస్తున్నది పాత రెనోనే అనుకుంటే, వాళ్లకు కనబడ్డ 6 మెగాబిట్లు ఇవే. హైదరాబాద్‌కు అదే నష్టంతో అదే సూత్రం 356 మెగాబిట్లు ఇస్తుంది. స్పీడ్ టెస్ట్ దగ్గరి సర్వర్‌ను ఎంచుకుంటుంది, పైగా ఒకేసారి నాలుగైదు కనెక్షన్లు తెరుస్తుంది. మూడు తెరిచినా వెయ్యి దాటినట్టే. టెస్ట్ అబద్ధం చెప్పలేదు, హైదరాబాద్ దాకా ఉన్న దారి గురించి చెప్పింది.

పూర్తి గిగాబిట్ వర్జీనియా దాకా రెనోతో రావాలంటే నష్టం సుమారు 28 కోట్ల ప్యాకెట్లకు ఒకటికి మించకూడదు.

## క్యూబిక్: రౌండ్లతో కాదు, గడియారంతో లెక్క

2003 నుంచి మూడు నాలుగేళ్లు ఈ రంగంలో కొత్త అల్గారిథాలు వరసకట్టాయి. ఫ్లాయిడ్ హైస్పీడ్ టీసీపీ విండో పెద్దదయ్యేకొద్దీ పెద్ద అంగలు వేసి, నష్టం వస్తే తక్కువ తగ్గుతుంది. టామ్ కెల్లీ స్కేలబుల్ టీసీపీ నష్టానికి ఎనిమిదో వంతే వదులుకుని, రౌండుకు ఒక శాతం చొప్పున పెరుగుతుంది. విండో ఎంత పెద్దదైనా పదమూడు పద్నాలుగు రౌండ్లలో కోలుకుంటుంది, మన లైను మీద మూడు సెకన్ల పైచిలుకు. వినడానికి బాగుంది. ఇబ్బంది ఏమిటంటే శాతాల్లో పెరిగి శాతాల్లో తగ్గితే, ముందొచ్చి ఎక్కువ పట్టుకున్నవాడు ఎక్కువతోనే మిగిలిపోతాడు. చియు, జైన్ చూపిన ఆ దగ్గరపడటం ఇక్కడ జరగదు.

చివరికి నిలబడింది నార్త్ కరోలినా స్టేట్ యూనివర్సిటీలో పుట్టిన క్యూబిక్. సాంగ్‌టే హా, ఇంజాంగ్ రీ, లిసాంగ్ జూ దీని కర్తలు. 2006 నుంచి లినక్స్‌లో డిఫాల్ట్ ఇదే. విండోస్, యాపిల్ సిస్టమ్‌లూ తర్వాత దీని దారికే వచ్చాయి.

క్యూబిక్ నష్టం జరిగినప్పటి విండోను గుర్తుపెట్టుకుంటుంది. సగం కాకుండా 70 శాతానికి తగ్గుతుంది. అక్కడి నుంచి ఎక్కడానికి రసీదుల రౌండ్లు లెక్కపెట్టదు, నష్టం జరిగి ఎన్ని సెకన్లయిందో చూస్తుంది. ఘనం గీత మీద నడుస్తుంది: మొదట్లో గబగబా, పాత ఎత్తు దగ్గరపడుతుంటే నెమ్మదిగా, అక్కడ కాసేపు నిలకడగా, ఇంకా నష్టం లేకపోతే మళ్లీ వేగంగా పైకి. మన లైను మీద 20 వేల నుంచి 14 వేలకు పడుతుంది. తిరిగి 20 వేలకు చేరే సమయం: 20,000 × 0.3 ÷ 0.4 = 15,000. దాని ఘనమూలం సుమారు 24.7 సెకన్లు. సగం సమయానికే, అంటే 12 సెకన్ల కాడికే, 19,250 దగ్గర ఉంటుంది. రెనోకు పట్టిన నలభై నిమిషాల పక్కన పెట్టి చూస్తే ఇది ఎందుకు గెలిచిందో అర్థమవుతుంది.

దీన్ని మంత్రదండం అనుకునేవాళ్లు ఇంకో లెక్క కూడా చూడాలి. పది వేలకు ఒకటి పోయే ఆ దారిలోనే, క్యూబిక్ ప్రామాణిక పత్రం ఇచ్చే సగటు సూత్రం ప్రకారం విండో 361 ప్యాకెట్లు, వేగం 17.6 మెగాబిట్లు. 40 గిగాబైట్లకు 15 గంటలు 5 గంటలయ్యాయి. మూడు రెట్లు మెరుగే, కానీ వెయ్యిలో పద్దెనిమిదే. ఎందుకంటే క్యూబిక్ కూడా పోయిన ప్రతి ప్యాకెట్‌నూ రద్దీ అనే చదువుతుంది. కనెక్టర్‌లో దుమ్మున్నా వెనక్కి తగ్గేది అదే.

## నష్టం కాకుండా ఆలస్యాన్ని చూసేవి

రద్దీ మొదలైతే ముందు, ప్యాకెట్లు వంతు కోసం ఆగే రౌటర్ బఫర్‌లో క్యూ పెరుగుతుంది, ఆర్‌టీటీ పెరుగుతుంది. ప్యాకెట్ పోవడం చివరి ఘట్టం. మరి ఆర్‌టీటీ పెరగడం చూసే తగ్గితే పోదా? 1994లో అరిజోనా యూనివర్సిటీలో బ్రాక్మో, పీటర్సన్ తెచ్చిన వేగస్ ఈ ఆలోచనే. కాల్‌టెక్‌లో స్టీవెన్ లో బృందం చేసిన ఫాస్ట్ టీసీపీ దాన్ని పెద్ద వేగాలకు తీసుకెళ్లింది.

అందరూ వేగసే వాడితే బఫర్లు ఖాళీగా, నష్టం లేకుండా, అందంగా ఉంటుంది. పక్కన ఒక్క రెనో ఉంటే చాలు, కథ మారుతుంది. రెనో బఫర్ నిండేదాకా ఆగదు. వేగస్ క్యూ కనబడగానే మర్యాదగా తప్పుకుంటుంది. ఇద్దరిలో మెతకవాడు నలిగిపోతాడు. ఇంకో చిక్కు, దారి మారితే. సముద్రంలో ఒక కేబుల్ తెగి ట్రాఫిక్ చుట్టుదారి పడితే ఆర్‌టీటీ 240 నుంచి 300కు పోతుంది. క్యూ ఏమీ లేదు, కానీ వేగస్ దాన్ని క్యూ అనుకుని వెనక్కి తగ్గుతుంది.

ఈ మెతకదనమే కావాలనుకునే చోట ఇది బాగా పనికొచ్చింది. బిట్‌టోరెంట్ వాడే లెడ్‌బాట్, క్యూ ఆలస్యం 100 మిల్లీసెకన్ల లోపు ఉండేలా చూసుకుని, మిగతావాళ్లకు దారిస్తూ వెనక వెనకగా నడుస్తుంది. మైక్రోసాఫ్ట్ కాంపౌండ్ టీసీపీ నష్టాన్నీ ఆలస్యాన్నీ రెంటినీ కలిపి విండో కట్టింది. విండోస్ విస్టా కాలంలో వచ్చి, తర్వాత విండోస్ 10లో క్యూబిక్‌కు చోటిచ్చింది.

## బీబీఆర్: విండోకు బదులు దారిని కొలవడం

2016లో గూగుల్ నుంచి నీల్ కార్డ్‌వెల్, యూచుంగ్ చెంగ్, వాన్ జాకబ్సన్, మరి కొందరు కలిసి బీబీఆర్ తెచ్చారు. 1988 నియమం రాసిన జాకబ్సనే ఇరవై ఎనిమిదేళ్లకు దాని మూలసూత్రాన్ని వదిలేయడం ఈ కథలో నాకు అన్నిటికంటే ఆసక్తి కలిగించే విషయం.

బీబీఆర్ అడిగే ప్రశ్న వేరు. ప్యాకెట్ పోయిందా లేదా అని కాదు, రసీదులు ఎంత వేగంగా వస్తున్నాయి, ఈమధ్య చూసిన అతి తక్కువ ఆర్‌టీటీ ఎంత అని. రెంటినీ గుణిస్తే బీడీపీ. దారిలో సుమారు అంతే డేటా ఉంచి, గుప్పున వదలకుండా ప్యాకెట్ల మధ్య ఎడం పెట్టి పంపుతుంది. రెండు కొలతలనూ ఒకేసారి తీయడం మాత్రం కుదరదు. గరిష్ఠ వేగం తెలియాలంటే కాస్త క్యూ పడేంత పంపాలి. కనిష్ఠ ఆర్‌టీటీ తెలియాలంటే క్యూ ఖాళీ కావాలి. అందుకే మొదటి వెర్షన్‌లో ఎనిమిది అంచెల చక్రం పెట్టారు: ఒక అంచెలో అంచనా కంటే 25 శాతం ఎక్కువ పంపుతుంది, తర్వాతి అంచెలో 25 శాతం తక్కువ పంపి ఆ క్యూను కరిగిస్తుంది, మిగతా ఆరింటిలో అంచనా వేగమే. వర్జీనియా దారిలో ఒక చక్రానికి 1.9 సెకన్లు. పది సెకన్లలో ఆర్‌టీటీ కొత్త కనిష్ఠం కనబడకపోతే విండోను నాలుగు ప్యాకెట్లకు దించి, కనీసం 200 మిల్లీసెకన్లు ఆగి కొలుస్తుంది. పదిలో 0.2, రెండు శాతం ఖర్చు.

పది వేలకు ఒకటి పోయే దారి దీనికి లెక్కలోకే రాదు. బఫర్ హద్దులు జరిపి, దారిలో నిజంగా ఖాళీ ఉంటే, స్టూడియో ఫైలు గిగాబిట్‌కు దగ్గరగా పోగలదు. గూగుల్ తన పత్రంలో 100 మెగాబిట్ల, 100 మిల్లీసెకన్ల దారి మీద పోల్చి చూపింది. వెయ్యికి ఒక ప్యాకెట్ పోయినప్పుడు క్యూబిక్ వేగం పదో వంతుకు పడింది, బీబీఆర్ కదల్లేదు. యూట్యూబ్‌లో పెట్టినప్పుడు మధ్యస్థ ఆర్‌టీటీ ప్రపంచవ్యాప్తంగా సగటున 53 శాతం, వర్ధమాన దేశాల్లో 80 శాతానికి పైగా తగ్గిందని రాసింది. బఫర్లు నింపకపోవడమే దానికి కారణం.

## వాటా న్యాయం ఎవరి లెక్కలో

నష్టాన్ని పట్టించుకోకపోవడం వరమా, మొండితనమా? వాదన ఇక్కడే చీలుతుంది. బఫర్ చిన్నదిగా ఉన్న లైనులో మొదటి తరం బీబీఆర్ కొన్ని కలిసినప్పుడు ప్యాకెట్లు భారీగా పోయాయి, పక్కన క్యూబిక్ నలిగింది. జర్మనీలోని కార్ల్స్‌రూహ్ పరిశోధకులు 2017లో దీన్ని కొలిచి చూపారు. 2019లో రణీషా వేర్, ఆమె సహచరులు ఇంకో విచిత్రం పట్టుకున్నారు. ఒక్క బీబీఆర్ కనెక్షన్, పక్కన పదహారు క్యూబిక్‌లు ఉన్నా, సామర్థ్యంలో 40 శాతం దాకా పట్టుకుని కూర్చోగలదు. అవతల ఎంతమంది ఉన్నారన్నది దాని వాటాను పెద్దగా మార్చలేదు.

గూగుల్ పక్షం వాళ్ల జవాబూ తీసిపారేసేది కాదు. క్యూబిక్‌తో సమానంగా ఉండాలంటే క్యూబిక్ లోపాలనే కొలమానం చేసుకున్నట్టు. నిండిన బఫర్ల వెనక అందరూ ఎదురుచూడటం సమానత్వమా అని వాళ్ల ప్రశ్న. అయినా 2019లో చూపిన రెండో వెర్షన్‌లో వెనక్కి తగ్గారు. నష్టం 2 శాతం దాటితే వేగం తగ్గించే ఏర్పాటు, రౌటర్లు వేసే రద్దీ గుర్తులను గౌరవించే ఏర్పాటు చేర్చారు. 2023లో మూడో వెర్షన్ వచ్చింది.

ఇంకో వర్గం పునాదినే తవ్వుతుంది. బాబ్ బ్రిస్కో 2007 నుంచి చెప్పే మాట ఇది: కనెక్షన్‌కు ఇంత వాటా అన్న లెక్కే అర్థం లేనిది, ఎనిమిది కనెక్షన్లు తెరిచినవాడికి ఎనిమిది వాటాలు వస్తాయి. నిజమే. మన దారిలో ఒక్క రెనో 5.9 మెగాబిట్లు తెస్తే, ఎనిమిది కలిసి 47 తెస్తాయి. డౌన్‌లోడ్ మేనేజర్లు చేసేది ఇదే. న్యాయం కనెక్షన్‌కు కొలవాలా, ఇంటికి కొలవాలా, కట్టిన డబ్బుకు కొలవాలా అన్నది ఇంకా తేలలేదు.

## దారిలో ఉన్న రౌటర్ల వంతు

బఫర్ ఎంత ఉండాలన్నదీ పాత తగవే. ఒక బీడీపీ అంత ఉండాలని 1990లలో స్థిరపడింది, మన లెక్కలో 30 మెగాబైట్లు. 2004లో స్టాన్‌ఫర్డ్ నుంచి అపెంజెల్లర్, కెస్లాసీ, మెకోన్ వేల కనెక్షన్లు కలిసే చోట అంత అక్కర్లేదన్నారు. బీడీపీని కనెక్షన్ల సంఖ్య వర్గమూలంతో భాగిస్తే చాలు. పదివేల కనెక్షన్లుంటే 30 మెగాబైట్లు 0.3కు వస్తుంది. ఇంటి రౌటర్‌కు ఈ సూత్రం పనికిరాదు, అక్కడ ఒకటో రెండో కనెక్షన్లే. అక్కడి జబ్బు వేరే, బఫర్ మరీ పెద్దదవడం: 5 మెగాబిట్ల అప్‌లోడ్ ముందు 1 మెగాబైట్ బఫర్ పెడితే, అది నిండినప్పుడు ప్యాకెట్ 1.6 సెకన్లు ఆగుతుంది. ఒకరు ఫైలు ఎక్కిస్తుంటే ఇంకొకరి వీడియో కాల్ గడ్డకట్టేది అందుకే. దీన్ని బఫర్‌బ్లోట్ అంటారు. నికల్స్, జాకబ్సన్ 2012లో తెచ్చిన కోడెల్, క్యూలో ప్యాకెట్ ఎంత సేపు నిలబడిందో చూసి ముందుగానే కొన్నిటిని పడేస్తుంది.

పడేసే బదులు ప్యాకెట్ మీద గుర్తు వేయడం ఈసీఎన్. 2001 నుంచి ప్రమాణంగా ఉంది. ఎల్4ఎస్ అనే కొత్త పద్ధతి, 2023లో దీని పత్రాలు వెలువడ్డాయి, ఆ గుర్తులను చాలా తరచుగా వేసి, పంపేవాడు కొద్దికొద్దిగా సర్దుకునేలా చేస్తుంది. అప్పుడు అల్గారిథం గుడ్డిగా ఊహించనక్కర్లేదు. కాకపోతే ఇరుకు పడే చోట ఉన్న రౌటర్ సాయపడాలి. ఎవరి రౌటర్ వాళ్లది.

## హనుమకొండలో నడుస్తున్నది ఎవరి అల్గారిథం

చాలామంది తికమకపడేది ఇక్కడ. రద్దీ నియంత్రణ పంపేవైపు నడుస్తుంది. అమెరికా సర్వర్ నుంచి మీరు డౌన్‌లోడ్ చేస్తుంటే పనిచేసేది ఆ సర్వర్‌లోని అల్గారిథం. మీ కంప్యూటర్‌లో బీబీఆర్ పెట్టినా దానికి సంబంధం లేదు. మీ సెట్టింగ్ అప్‌లోడ్‌కే వర్తిస్తుంది. టీసీపీకి బదులు బ్రౌజర్లు వాడే క్విక్ ప్రోటోకాల్‌లో అయితే అల్గారిథం ఆపరేటింగ్ సిస్టమ్‌లో కాక యాప్‌లోనే ఉంటుంది కాబట్టి, లినక్స్ సెట్టింగ్ దాన్ని తాకనే తాకదు.

వేగం ఎక్కడ ఆగిందో లినక్స్ దాచుకోదు. ఎస్ఎస్ కమాండ్‌కు టీ, ఐ ఆప్షన్లు ఇస్తే ఒక్కో కనెక్షన్‌కు విండో, ఆర్‌టీటీ, మళ్లీ పంపిన ప్యాకెట్ల లెక్క కనబడతాయి. వాటితోపాటు 'ఎస్ఎన్‌డిబఫ్ లిమిటెడ్' అని శాతం కనబడితే పంపే బఫర్ చాలడం లేదు. 'ఆర్‌డబ్ల్యుఎన్‌డి లిమిటెడ్' అని ఉంటే అవతలివాడు ఇచ్చిన విండో చాలడం లేదు. ఈ రెండూ లేకుండా, మళ్లీ పంపినవి పెరుగుతూ విండో కొన్ని వందల దగ్గరే కొట్టుకుంటుంటే, అప్పుడు గాని అల్గారిథం, నష్టం సంగతి రాదు.

స్టూడియో నష్టం నిజంగా వాళ్ల వీధి స్తంభం మీదే ఉంటే ఇంకో దారి ఉంది. పెద్ద క్లౌడ్ కంపెనీలు కొన్నిటికి హైదరాబాద్‌లో డేటా సెంటర్లున్నాయి. ఫైలును ముందు అక్కడికి ఎక్కించి, అక్కడి నుంచి కంపెనీ సొంత లైన్ల మీద వర్జీనియాకు కాపీ చేయిస్తే, వీధిలోని నష్టాన్ని సర్దుకునే లూపు 240 నుంచి 4 మిల్లీసెకన్లకు కుదించుకుపోతుంది. అదే పాత రెనో, అదే పది వేలకు ఒకటి నష్టం, 356 మెగాబిట్లు. 40 గిగాబైట్లు ఎక్కడానికి 15 నిమిషాలు. నష్టం స్తంభం మీద కాక సముద్రపు దారిలో ఉంటే ఈ మలుపు ఏమీ ఆదుకోదు. అప్పుడు రెండో అంచెలో ఆ క్లౌడ్ కంపెనీ ఏ అల్గారిథం పెట్టుకుందన్నదే వేగాన్ని తేలుస్తుంది.